టెట్ లేకుండా స్కూల్ అసిస్టెంట్ పదోన్నతి: మీ ప్రశ్నకు సమాధానం

మాస్టారూ, నాలుగేళ్ల సర్వీసే మిగిలిన, 2002 డీఎస్సీ (ఉపాధ్యాయ నియామక పరీక్ష) ద్వారా వచ్చిన ఎస్జీటీని (ప్రాథమిక తరగతుల టీచరును) అయిన నన్ను పక్కనపెట్టి, టెట్ (ఉపాధ్యాయ అర్హత పరీక్ష) ఉన్న జూనియర్‌కు స్కూల్ అసిస్టెంట్ (పై తరగతుల సబ్జెక్టు టీచరు) పోస్టు ఇస్తున్నారు, హైకోర్టుకు వెళ్లవచ్చా అని అడిగారు. వెళ్లవచ్చు. కానీ కేవలం సీనియారిటీని పట్టుకుని వెళితే కేసు నిలబడటం కష్టం.

2025 సెప్టెంబరు 1న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు సరిగ్గా మీలాంటి వారి గురించే మాట్లాడింది. అయిదేళ్ల లోపు సర్వీసు మిగిలి ఉన్నవారు టెట్ లేకుండానే పదవీ విరమణ వరకు కొనసాగవచ్చు, పదోన్నతి కావాలంటే మాత్రం టెట్ ఉండాల్సిందే. అంటే మీ ఉద్యోగానికి ఢోకా లేదు. స్టాఫ్ రూములో చాలామంది ఈ రెండింటినీ కలిపేసి అనవసరంగా భయపెడుతున్నారు. పాతికేళ్లు పాఠం చెప్పినవారికి ఇప్పుడు పరీక్షేమిటన్న బాధ న్యాయమైనదే, అయినా కోర్టు ఒప్పుకోలేదు.

లాయరు ఫీజు కంటే ముందు టెట్ దరఖాస్తు రుసుము కట్టండి. ఎస్జీటీకి పేపర్-1, స్కూల్ అసిస్టెంట్‌కు పేపర్-2; మీ సబ్జెక్టు విభాగం చూసి ఎంచుకోండి. ఉత్తీర్ణులైతే ఆ వివరం సర్వీసు రిజిస్టరులో నమోదు చేయించండి. సీనియారిటీ జాబితాలో మీ పుట్టిన తేదీ, డీఎస్సీ ర్యాంకు తప్పుగా పడి ఉంటే అది వేరే సంగతి: గడువులోగా రాతపూర్వకంగా అభ్యంతరం ఇచ్చి, నకలు మీద కార్యాలయ ముద్ర, తేదీ వేయించుకోండి. హైకోర్టులో రిట్ పిటిషన్ వేయాల్సి వస్తే పనికొచ్చేది ఆ కాగితమే.