పాఠకుల ప్రశ్నలు: ‘లిట్టొరల్’ అనే ఇంగ్లీషు విశేషణం

ప్రశ్న: 2025 జూన్‌లో ‘ఐఎన్‌ఎస్ అర్నాలా’ విశాఖ నౌకాదళ డాక్‌యార్డులో విధుల్లో చేరిన సందర్భంగా ఒక ఇంగ్లీషు వ్యాసం చదువుతుంటే ‘లిట్టొరల్’ అన్న మాట తగిలింది. నా దగ్గరున్న నిఘంటువులో ‘తీర సంబంధమైన’ అని మాత్రమే ఉంది. మా అబ్బాయి డిగ్రీ జువాలజీ పుస్తకంలో అదే మాటకు ఆటుపోట్లకు మునిగి తేలే నేల అని అర్థం చెప్పారు. ఏది సరైనది? తీరమనే అర్థమైతే ‘కోస్టల్’ అంటే సరిపోదా?
– ఒక పాఠకురాలు, ఎం.వి.పి. కాలనీ, విశాఖపట్నం

జవాబు: నిఘంటువూ, మీ అబ్బాయి పుస్తకమూ రెండూ సరిగానే చెప్పాయి. కాకపోతే ఆ మాటను ఎవరు, ఏ పనికి వాడుతున్నారన్నది నిఘంటువు చెప్పలేదు. చిక్కంతా అక్కడే వచ్చింది. లాటిన్‌లో ‘లీటుస్’ అంటే సముద్రపు ఒడ్డు. విభక్తి చేరినప్పుడు అది ‘లీటొరిస్’ అవుతుంది. ఆ రూపం మీద ఏర్పడిన విశేషణం 17వ శతాబ్ది మధ్యకాలానికి ఇంగ్లీషులోకి వచ్చింది. వెనిస్ నగరానికి అడ్డుగా సముద్రం వైపు పొడుగ్గా పరచుకుని ఉండే ‘లీడో’ దీవి పేరు కూడా ఈ లాటిన్ మాట నుంచి వచ్చినదే. ‘కోస్ట్’ కుదురు వేరు. లాటిన్‌లో ‘కోస్తా’ అంటే పక్కటెముక. దాని నుంచి పక్క, అంచు అనే అర్థాలు వచ్చి చివరికి నేలకు సముద్రం వైపున్న అంచు అనే అర్థం స్థిరపడింది. మనం ‘కోస్తా జిల్లాలు’ అన్నప్పుడు వాడుతున్నది కూడా ఆ కుటుంబపు మాటనే.

ఈ పుట్టుకల తేడా వాడుకలో ఇప్పటికీ తెలుస్తూనే ఉంటుంది. ‘కోస్టల్’ అన్న మాట నేల మీద నిలబడి చూస్తుంది, లోపలికి ఎంత దూరమైనా వెళ్తుంది. సముద్రం కనుచూపుమేరలో లేని ఊళ్లను కూడా కోస్తా ఊళ్లనే అంటాం. ‘లిట్టొరల్’ అలా పాకిపోదు. నీరూ నేలా కలిసే పట్టీని, ఆ కలయిక వల్ల జరిగే వాటిని మాత్రమే అది సూచిస్తుంది. అయితే ఆ పట్టీ వెడల్పు ఎంత అన్న ప్రశ్నకు ఒక్కొక్క శాస్త్రం ఒక్కొక్క జవాబు ఇస్తుంది కనుక, ఈ మాట అర్థం తెలుసుకోవడమంటే ఆ కొలతలు తెలుసుకోవడమే.

జీవశాస్త్రజ్ఞుల కొలత అన్నిటికన్నా ఖచ్చితమైనది. పెద్ద పోటు సమయంలో నీరు ఎక్కే గీతకూ, పెద్ద ఆటు సమయంలో దిగిపోయే గీతకూ మధ్య ఉన్న భాగాన్ని వారు ‘లిట్టొరల్ జోన్’ అంటారు. విశాఖలో అమావాస్య, పౌర్ణమి రోజుల్లో ఆటుపోట్ల ఎత్తుల తేడా సుమారు ఒకటిన్నర మీటరే ఉంటుంది కాబట్టి మన దగ్గర ఈ పట్టీ వెడల్పైనది కాదు. అయినా తెన్నేటి పార్కు కిందో, రుషికొండ దగ్గరో ఆటు వేళ రాళ్ల మీదికి వెళ్లి చూస్తే దాని లోపలి అమరిక స్పష్టంగా కనిపిస్తుంది. నీటి తుంపర మాత్రమే తగిలే పై రాళ్లను చిన్న నత్తలు పట్టుకుని ఉంటాయి, వాటి కింద రాతికి అతుక్కుని బతికే బార్నకిల్స్ ఉంటాయి, ఇంకా కిందికి దిగితే నాచు, ఎప్పుడూ తడి ఆరని గుంటలు, వాటిలో చిన్న చేపలు, పీతలు ఉంటాయి. ఆ పై వరుస నత్తల్లో ఒక ప్రజాతికి ‘లిట్టొరైనా’ అన్న పేరు ఈ విశేషణం కుదురు నుంచే వచ్చింది. మన ఇసుక తిన్నెల మీద పెరుగుతూ, ఎండిన గుండ్రటి ముళ్ల గుత్తులను గాలికి దొర్లించే రావణాసురుడి మీసాల గడ్డికి వృక్షశాస్త్రంలో ‘స్పినిఫెక్స్ లిట్టోరియస్’ అని పేరు. కొందరు సముద్ర శాస్త్రజ్ఞులు మాత్రం ఇదే జోన్‌ను సముద్రంలో మునిగి ఉన్న ఖండపు అంచు దాకా, అంటే సుమారు 200 మీటర్ల లోతు వరకు సాగదీస్తారు. అందుచేత పుస్తకం మారినప్పుడు నిర్వచనం కూడా ఒకసారి చూసుకోవాలి.

సముద్రమే ఉండాలన్న నియమమూ లేదు. చెరువుల విషయంలో, వెలుగు అడుగు దాకా చేరి, వేళ్లూనుకునే మొక్కలు పెరగగలిగినంత లోతు వరకు ఉన్న అంచు నీటిని ‘లిట్టొరల్’ అంటారు. అనకాపల్లి దగ్గరి కొండకర్ల ఆవలో తామరలు, జమ్ము పెరిగే అంచులు ఈ నిర్వచనం కిందికే వస్తాయి.

విశాఖవారి రోజువారీ జీవితానికి అన్నిటికన్నా దగ్గరగా ఉన్నది మాత్రం ఓడరేవు ఇంజనీర్ల వాడుక. ‘లిట్టొరల్ డ్రిఫ్ట్’ అంటే ఒడ్డు వెంబడి ఇసుక సాగిపోవడం. అల ఒడ్డును తిన్నగా కాక ఏటవాలుగా తాకినప్పుడు ఇసుకను కూడా ఏటవాలుగానే పైకి తోస్తుంది, తిరిగి జారేటప్పుడు నీరు వాలు ఎటుంటే అటు తిన్నగా దిగుతుంది. ఆ విధంగా ప్రతి అలకూ ఇసుక రేణువు కొంచెం కొంచెం పక్కకు జరుగుతూ పోతుంది. నైరుతి రుతుపవనాల కాలంలో ఈ ప్రవాహం మన తీరంలో ఉత్తరం వైపుకు, ఈశాన్య రుతుపవనాల కాలంలో దక్షిణం వైపుకు సాగుతుంది. మొదటిదే బలమైనది కాబట్టి సంవత్సరం మొత్తం లెక్క చూస్తే లక్షల ఘనపు మీటర్ల ఇసుక ఉత్తరానికే ప్రయాణిస్తుంది.

విశాఖ రేవును కట్టినవారికి ఇది మొదటి నుంచీ తలనొప్పే. 1933లో రేవు వాడకంలోకి వచ్చిన రోజుల్లోనే, ప్రవేశ కాలువ పూడిపోకుండా డాల్ఫిన్స్ నోస్ కొండ పాదం దగ్గర ‘జానస్’, ‘వెల్లెడౌన్’ అనే రెండు పాత ఓడలను కావాలనే ముంచి అడ్డుకట్టగా నిలిపారు. ఓడలు రావడానికి కట్టిన రేవులో మొదటి పని ఓడలను ముంచడం కావడం కొంత విచిత్రమే కానీ, దక్షిణం నుంచి వచ్చే ఇసుకను అక్కడే ఆపకపోతే లోతైన కాలువ ఎక్కువ కాలం లోతుగా మిగలదు. 1976లో ఔటర్ హార్బర్, దాని పెద్ద అడ్డుకట్టలు వచ్చాక చిక్కు రెండో వైపుకూ పాకింది. దక్షిణాన ఆగిన ఇసుక ఉత్తరాన ఉన్న ఆర్‌.కె. బీచ్‌కు సహజంగా అందదు. కానీ ఆ బీచ్‌లో ఉన్న ఇసుకను మాత్రం అలలు యథాప్రకారం ఇంకా ఉత్తరానికి మోసుకుపోతూనే ఉంటాయి. రేవు దగ్గర చేరిన ఇసుకను తవ్వి, గొట్టాల ద్వారా బీచ్ మీదికి పంపింగ్ చేయడం అందుకే. ఒడ్డు వెంబడి సాగే ఈ ఇసుక కదలికనే బడి భౌగోళిక పుస్తకాల్లో ‘లాంగ్‌షోర్ డ్రిఫ్ట్’ అంటారు. ఎవరైనా ‘కోస్టల్ డ్రిఫ్ట్’ అని రాస్తే అర్థం ఊహించుకోవచ్చు గానీ, ఇంజనీరు నోట మాత్రం అది పలకదు.

ఇక మీరు చదివిన నౌకాదళ వాడుక. సైనిక పరిభాషలో ‘లిట్టొరల్’ అంటే రెండు భాగాలున్న ప్రాంతం: ఒడ్డు మీది చర్యలకు అండగా ఉండాలంటే అదుపులో పెట్టుకోవలసిన సముద్రం ఒకటి, సముద్రం నుంచి ప్రభావం చూపగలిగినంత నేల మరొకటి. అంటే జీవశాస్త్రజ్ఞుడి పట్టీ అడుగుల్లో ఉంటే, నౌకాధికారి పట్టీ కిలోమీటర్లలో ఉంటుంది, ఆయుధాల పరిధి పెరిగేకొద్దీ ఇంకా వెడల్పవుతుంది. ప్రచ్ఛన్న యుద్ధం ముగిశాక 1992లో అమెరికా నౌకాదళం తన దృష్టిని నడిసముద్రపు యుద్ధాల నుంచి తీర జలాల వైపుకు మళ్లించడంతో ఈ మాటకు పలుకుబడి పెరిగింది. 2008లో ఆ దేశం మొదటి ‘లిట్టొరల్ కాంబాట్ షిప్’ను విధుల్లోకి తీసుకుంది. అర్నాలా తక్కువ లోతు నీటిలో జలాంతర్గాములను వెతికే నౌక. అటువంటి నీటిలో సోనార్ (ధ్వనితో నీటి అడుగున వెతికే పరికరం) పంపే ధ్వని అడుగునా, ఉపరితలాన తగిలి పలుమార్లు ప్రతిధ్వనిస్తుంది, పడవల రొద దానికి తోడవుతుంది, నదుల మంచినీరు కలిసిన చోట ధ్వని దారే మారిపోతుంది. నడిసముద్రానికి కట్టిన పెద్ద నౌకకు అక్కడ తిరగడం కూడా కష్టమే. ఆ వ్యాసకర్త ‘కోస్టల్’ అనకుండా ‘లిట్టొరల్’ అన్నది ఆర్భాటానికి కాదు. ఈ ప్రత్యేక పరిస్థితులన్నిటినీ ఆ ఒక్క మాట ఇముడ్చుకుంటుంది.

ప్రశ్న: భీమిలి వెళ్లే బీచ్ రోడ్డు గురించి ఇంగ్లీషు వ్యాసంలో ‘లిట్టొరల్ రోడ్’ అని రాస్తే మా లెక్చరర్ కొట్టేసి ‘కోస్టల్ రోడ్’ అని దిద్దారు. నేను రాసింది వ్యాకరణరీత్యా తప్పా?
– ఒక విద్యార్థి, మద్దిలపాలెం

జవాబు: వ్యాకరణరీత్యా తప్పు లేదు, కానీ దిద్దడం న్యాయమే. ఫ్రెంచివారికి ‘లిట్టొరల్’ మామూలు మాట. వారి ఏలుబడిలోని రీయూనియన్ దీవిలో సముద్రం వెంట వేసిన రహదారికి ఆ పేరే ఉంది. ఇంగ్లీషులో అది శాస్త్రాలకూ, చట్టానికీ, నౌకాదళానికీ పరిమితమైన మాట. రోడ్డు, గాలి, హోటలు, సెలవులు వంటి వాటికి దాన్ని తగిలిస్తే రాసినవారు నిఘంటువు ముందు పెట్టుకుని కూర్చున్నారని తెలిసిపోతుంది. సముద్రానికి ఎదురుగా కట్టిన ఫ్లాట్ల ప్రకటనల్లో ఈ మాట కనిపిస్తే నాకు ఇంకో అనుమానం కూడా వస్తుంది: జీవశాస్త్రజ్ఞుడి అర్థంలో తీసుకుంటే ఆ ఫ్లాట్లు రోజుకు రెండుసార్లు నీట మునగాలి. మీ వ్యాసంలోనే ఆ రోడ్డు పక్కన ఇసుక కోత గురించి రాసి ఉంటే అక్కడ ‘లిట్టొరల్ డ్రిఫ్ట్’ అనడం సరైన వాడుకే అయ్యేది, లెక్చరర్ గారు దాన్ని కొట్టేసేవారు కాదు.

ప్రశ్న: పోటీ పరీక్షల పుస్తకాల్లో ‘లిట్టొరల్ స్టేట్స్’, ‘రైపేరియన్ స్టేట్స్’, ‘కోస్టల్ స్టేట్స్’ అని మూడు మాటలు వస్తున్నాయి. తేడా ఏమిటి? తెలుగు మాధ్యమంలో రాసేటప్పుడు ఏమని రాయాలి?
– ఒక పాఠకుడు, గాజువాక

జవాబు: ‘రైపేరియన్’ నదికి చెందినది, లాటిన్‌లో ‘రీపా’ అంటే నదీ గట్టు. కృష్ణ నీటి విషయంలో మహారాష్ట్ర, కర్ణాటక, తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ నాలుగూ ‘రైపేరియన్’ రాష్ట్రాలు. తెలుగులో ‘పరీవాహక రాష్ట్రాలు’ అనడం ఎప్పటి నుంచో ఉంది. సముద్రానికి వస్తే ఆ నాలుగింటిలో తెలంగాణ ఒక్కటే పక్కకు తప్పుకుంటుంది. అమెరికా ఆస్తి చట్టంలో కూడా ఇదే విభజన ఉంది: పారే నీటి ఒడ్డున భూమి ఉన్నవారి హక్కులు ‘రైపేరియన్’, చెరువు లేదా సముద్రపు ఒడ్డున ఉన్నవారివి ‘లిట్టొరల్’.

‘లిట్టొరల్’, ‘కోస్టల్’ రెండింటికీ దేశాల విషయంలో అర్థభేదం దాదాపు లేదు, సందర్భభేదం ఉంది. హిందూ మహాసముద్రాన్ని శాంతి మండలంగా ప్రకటించిన 1971 నాటి ఐక్యరాజ్యసమితి తీర్మానం ‘లిట్టొరల్ అండ్ హింటర్‌ల్యాండ్ స్టేట్స్’ అంటుంది. సముద్రం చుట్టూ ఉన్న దేశాలనూ, వాటి వెనక ఉన్న దేశాలనూ ఒక కుదురుగా చూడడం అక్కడి ఉద్దేశం. 1982 నాటి సముద్ర చట్ట ఒప్పందం మాత్రం ‘కోస్టల్ స్టేట్’ అన్న మాటనే పట్టుకుంది. 12 నాటికల్ మైళ్ల ప్రాదేశిక జలాలు, 200 నాటికల్ మైళ్ల ప్రత్యేక ఆర్థిక మండలి వంటివన్నీ ఆ పేరు మీదే దఖలు పడ్డాయి. కనుక ఫలానా సముద్రం చుట్టూ ఉన్న దేశాల గుంపును చెప్పేటప్పుడు ‘లిట్టొరల్’, ఒక దేశానికి చట్టప్రకారం దక్కే హక్కులను చెప్పేటప్పుడు ‘కోస్టల్’ వాడితే పరీక్షలో మార్కులు పోవు. తెలుగులో మొదటిదానికి ‘తీరస్థ దేశాలు’, రెండోదానికి ‘తీర దేశం’ అని రాయవచ్చు. అయితే ‘తీరస్థ’ను మిగతా వాడుకల మీదికి తీసుకుపోకండి. జీవశాస్త్రంలో ‘ఆటుపోటుల మండలం’, ఇంజనీరింగులో ‘ఒడ్డు వెంబడి ఇసుక కదలిక’ అని విడమరచి రాస్తేనే చదివేవారికి బోధపడుతుంది; అన్నిటికీ కలిపి ఒకే తెలుగు మాట కావాలని పట్టుబడితే మళ్లీ ‘తీర సంబంధమైన’ దగ్గరికే వచ్చి పడతాం.

ప్రశ్న: దీన్ని ఎలా పలకాలి? ‘మోర్ లిట్టొరల్’ అని తరతమ భేదంతో అనవచ్చా?
– ఒక పాఠకురాలు, పెందుర్తి

జవాబు: నేను తెలుగు రాతలో తేడా తెలియడానికి ‘లిట్టొరల్’ అని రాస్తున్నాను గానీ, ఇంగ్లీషువారి నోట ఇది ‘లిటరల్’ లాగే, అంటే ‘అక్షరార్థంలో’ అనే మాట లాగే వినిపిస్తుంది, ఊనిక మొదటి అక్షరం మీదే. అమెరికాలో కొందరు ఆ గందరగోళాన్ని తప్పించడానికి చివరి భాగాన్ని ఒత్తి ‘లిటరాల్’ అంటారు. రాసేటప్పుడు రెండు టీలు, వాటి తర్వాత ఓ. తరతమ భేదం దీనికి నప్పదు. ఒక ప్రాంతం ‘లిట్టొరల్’ అవుతుంది లేదా కాదు. ఎక్కువగా నామవాచకానికి ముందే వస్తుంది, వాక్యం చివర విధేయంగా రావడం అరుదు. నామవాచకంగా మాత్రం నిక్షేపంగా వాడవచ్చు: తూర్పు ఆఫ్రికా తీర ప్రాంతమంతటినీ కలిపి ‘ది ఈస్ట్ ఆఫ్రికన్ లిట్టొరల్’ అంటారు. కామెరూన్‌లో దువాలా నగరం ఉన్న పాలనా ప్రాంతం పేరూ, బెనిన్‌లో కోటొనూ ఉన్న విభాగం పేరూ ‘లిట్టొరల్’ అనే.