పాత పాలకవర్గం రికార్డులు అప్పగించకపోతే కోర్టు ధిక్కరణ కేసు వేయవచ్చా?

మీ గృహనిర్మాణ సహకార సంఘంలో ఎన్నికలు జరిగి కొత్త పాలకవర్గం వచ్చినా పాత అధ్యక్షుడు రికార్డులు ఇవ్వడం లేదనీ, హైకోర్టు ఉత్తర్వు వచ్చి ఆరు నెలలైందనీ, ధిక్కరణ కేసు వేస్తే పని జరుగుతుందా అనీ అడిగారు. మా సంఘానికి కార్యదర్శిగా ఉన్న రోజుల్లో సరిగ్గా ఇదే పరిస్థితిలో ఒకసారి ధిక్కరణ కేసు వేసి విఫలమయ్యాను, రెండోసారి వేసి రికార్డులు తెచ్చుకున్నాను. ఆ రెండింటి మధ్య తేడా అంతా ఉత్తర్వులోని చివరి పేరాలోనే ఉంది, కాబట్టి ముందుగా మీ ఉత్తర్వులో ఆ పేరా తీసి చదవండి.

మా మొదటి రిట్ పిటిషన్‌లో హైకోర్టు ఇచ్చిన ఆదేశం ఒక్కటే: మా వినతిపత్రాన్ని సహకార శాఖ అధికారి నాలుగు వారాల్లో పరిశీలించి తగిన ఉత్తర్వులు జారీ చేయాలి. రికార్డులు అప్పగించమని అందులో ఎక్కడా లేదు. గడువు దాటగానే నేను ఆవేశంగా ధిక్కరణ పిటిషన్ వేయించాను. నోటీసు అందిన తరువాత ఆ అధికారి మా వినతిని తిరస్కరిస్తూ రెండు పేజీల ఉత్తర్వు ఇచ్చి, ఆలస్యానికి క్షమాపణ చెప్పి ఊరుకున్నారు. ఆ తిరస్కరణ తప్పని ఎంత వాదించినా కోర్టు కేసును మూసివేసింది. ఉత్తర్వు ప్రకారం నిర్ణయం వెలువడిన తరువాత అది ఒప్పా తప్పా అన్నది ధిక్కరణ కేసులో తేల్చరనీ, దాన్ని విడిగా సవాలు చేసుకోవాలనీ సుప్రీంకోర్టు 1996లోనే జె.ఎస్. పరిహార్ కేసులో చెప్పింది. అప్పీలు వేద్దామని నేను పట్టుబట్టినప్పుడు మా న్యాయవాది మిడ్నపూర్ పీపుల్స్ కోఆపరేటివ్ బ్యాంకు కేసులో 2006 నాటి తీర్పును నా ముందు పెట్టారు. కోర్టు ధిక్కరణ చట్టం 19వ సెక్షన్ కింద అప్పీలు శిక్ష విధించినప్పుడే ఉంటుంది, శిక్షించడానికి నిరాకరించినప్పుడు ఉండదు. సహకార సంఘాల వాళ్లు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడేనని నా అభిప్రాయం.

రెండో రిట్‌లో ఆ తిరస్కరణను సవాలు చేశాము, పాత అధ్యక్షుణ్ణి కూడా ప్రతివాదిగా చేర్చాము. ఈసారి ఉత్తర్వు స్పష్టంగా వచ్చింది: మినిట్స్ పుస్తకాలు, సభ్యుల రిజిస్టరు, నగదు పుస్తకం, చెక్కు పుస్తకాలు రెండు వారాల్లో, అధికారి సమక్షంలో, జాబితా రాసి అప్పగించాలి. ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీని పాత అధ్యక్షుడికి రిజిస్టర్డ్ పోస్టులో పంపితే ఆ కవరు విప్పకుండానే తిరిగి వచ్చింది, దాని మీద పోస్టుమ్యాన్ ‘తీసుకోవడానికి నిరాకరించారు’ అని రాసి తేదీ వేసి ఉన్నారు. ఆ కవరును అలాగే ఫైలులో పెట్టి, గడువు దాటాక రెండోసారి ధిక్కరణ కేసు వేశాము. ఉత్తర్వు సంగతే తనకు తెలియదని ఆయన కౌంటరులో (కోర్టుకు ఇచ్చిన జవాబులో) చెప్పినప్పుడు మాకు ఆధారంగా నిలిచింది ఆ ఒక్క వాక్యమే, ఎందుకంటే సివిల్ ధిక్కరణ అంటే ఉద్దేశపూర్వకంగా ఉత్తర్వును పాటించకపోవడం, ఉద్దేశం రుజువు కావాలంటే ముందు తెలిసి ఉండాలి. అప్పీలు వేశామని కూడా ఆయన వాదించారు, కానీ స్టే లేని అప్పీలు ఉత్తర్వును ఆపదు.

స్వయంగా హాజరు కావాలని కోర్టు ఆదేశించిన వాయిదాకు రెండు రోజుల ముందు మూడు ట్రంకు పెట్టెల నిండా రికార్డులు సంఘం కార్యాలయానికి చేరాయి. క్షమాపణ అఫిడవిట్‌ను కోర్టు అంగీకరించింది. 12వ సెక్షన్ కింద ఆరు నెలల వరకు సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా ఉన్నప్పటికీ ఆయనకు ఏ శిక్షా పడలేదు. ఆరోజు నాకు చాలా బాధ కలిగింది, కానీ పుస్తకాలు చేతికి వచ్చాక సభ్యులు శిక్ష గురించి మళ్లీ అడగలేదు.

గడువు విషయం మరువకండి. 20వ సెక్షన్ ప్రకారం ధిక్కరణ జరిగిందని చెప్పే తేదీ నుంచి సంవత్సరంలోపు పిటిషన్ వేయాలి. మీ ఉత్తర్వులో అప్పగింతకు గడువు ఉంటే అది ముగిసిన రోజును కాగితం మీద రాసుకుని, దాదాపు సగం కాలం అప్పుడే గడిచిపోయి ఉండవచ్చని గుర్తుంచుకోండి.

ఉత్తర్వు హైకోర్టుది కాకుండా, వివాద పరిష్కారంలో సహకార సంఘాల రిజిస్ట్రారు ఇచ్చినదైతే దారి పూర్తిగా మూసుకుపోయినట్టు కాదు. సీతామఢీ సెంట్రల్ కోఆపరేటివ్ బ్యాంకు కేసులో 1967లో సుప్రీంకోర్టు, బీహార్‌లో వర్తించిన సహకార చట్టం కింద వివాదాన్ని విచారించే అసిస్టెంట్ రిజిస్ట్రారు ధిక్కరణ చట్టం దృష్టిలో కోర్టే అని తేల్చింది. అయితే మన తెలుగు రాష్ట్రాల 1964 సహకార సంఘాల చట్టం 61వ సెక్షన్ కింద వచ్చిన అవార్డుకు (వివాదంపై ఇచ్చిన నిర్ణయానికి) అమలు పద్ధతి చట్టంలోనే ఉంది, ముందు అది అడగడం మేలు.

మరొక మాట. మాకు వచ్చిన ఒక మినిట్స్ పుస్తకంలో నాలుగు ఆకులు బ్లేడుతో కోసి ఉన్నాయి. ధిక్కరణ కేసులో దాని గురించి వినరు; దానికి అదే 1964 చట్టం 51వ సెక్షన్ విచారణ, సంఘానికి నష్టం తేలితే 60వ సెక్షన్ కింద సర్‌చార్జి (బాధ్యుల నుంచి నష్టం రాబట్టడం) అడగాలి. కాబట్టి పెట్టెలు తెరిచేటప్పుడే అధికారి ఎదుట ఒక్కో పుస్తకం పేజీలు లెక్కించి, లేనివి జాబితాలో రాయించి సంతకాలు తీసుకోండి. మీ ఉత్తర్వు చివరి పేరాను యథాతథంగా ఇక్కడ రాస్తే, అది మా మొదటి ఉత్తర్వు లాంటిదో రెండోదాని లాంటిదో చూసి చెబుతాను.