గుద్దింది కారు, కేసు ఆటో మీదా?

ప్రశ్న: మా ఆయన టైల్స్ మేస్త్రి, వయసు 34. ఐదు నెలల పది రోజుల కిందట బైకు మీద ఇంటికొస్తుంటే వెనక నుంచి కారు గుద్ది ఎడమ కాలు విరిగింది. కారు ఓనరే ఆసుపత్రిలో చేర్చాడు. ‘బండి స్కిడ్ అయి పడ్డాడు’ అని రాయించి, 70 వేలు ఫోన్‌పే చేసి, కేసు వద్దని బతిమాలాడు. ఊరుకున్నాం. ఇప్పుడు రాడ్డు దగ్గర చీము పట్టి మళ్లీ ఆపరేషన్ అంటున్నారు. అతను ఫోన్ ఎత్తడం లేదు. కారుకు ఇన్సూరెన్స్ కూడా లేదట. తెలిసినాయన ఒకరు, తమ బంధువు ఆటోకు ఇన్సూరెన్స్ ఉంది, అదే గుద్దిందని కేసు వేద్దాం, వచ్చినదాంట్లో మూడో వంతు ఇవ్వండి అంటున్నాడు. ఇద్దరు చిన్నపిల్లలతో టెన్షన్‌గా ఉంది. ఏం చేయమంటారు?
– ఒక సోదరి, సూర్యాపేట జిల్లా

జవాబు: అమ్మా, కారు ఓనరు మంచివాడా మోసగాడా అన్నదానితో, ప్రమాద పరిహారం తేల్చే ట్రిబ్యునల్‌కు పని లేదు. ‘స్కిడ్ అయి పడ్డాడు’ అన్న ఆ ఒక్క ముక్కే మీ కేసును తేలుస్తుంది. మీ ఆయన తనంతట తానే పడితే పరిహారం అడగడానికి అవతలి పక్షమే ఉండదు. ఆ మాట తప్పని, గుద్దింది ఫలానా కారేనని మీరు చూపించాలి.

ముందు ఆటో సంగతి. ఆ మాట మళ్లీ ఎత్తితే ఆ మనిషిని గుమ్మం ఎక్కనివ్వకండి. ఇన్సూరెన్స్ కంపెనీ ఇన్వెస్టిగేటర్ మొదట చూసేది ఆసుపత్రి కాగితాలే. వాటిలో స్కిడ్ అని ఉంటే, ఐదు నెలల తర్వాత ఆటో ఎక్కడి నుంచి ఊడిపడింది? కోర్టులో దొంగ క్లెయిము వేయడం నేరం. కాలు విరిగిన మీ ఆయనే ముద్దాయి అవుతాడు, అసలు కారు మీద కేసూ చచ్చిపోతుంది. మూడో వంతు బేరం గురించి కూడా ఒక మాట: పరిహారంలో వాటా తీసుకోవడం లాయర్లకే బార్ కౌన్సిల్ నిబంధనల ప్రకారం నిషేధం. ఆయనెవరు తీసుకోవడానికి?

ఇక గడువు. మోటారు వాహనాల చట్టం సెక్షన్ 166(3) ప్రకారం ప్రమాదం జరిగిన ఆరు నెలల్లోగా క్లెయిము వేయాలి. 2022 ఏప్రిల్ 1 నుంచి ఇది అమల్లో ఉంది. గడువు దాటిందని పిటిషన్లు కొట్టేయొద్దని 2025 నవంబరులో సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చిన మాట నిజమే. కానీ అది మధ్యంతరం, తుది తీర్పు కాదు. దాన్ని నమ్ముకుని కూర్చోవద్దు. మీ చేతిలో ఉన్నవి ఇరవై రోజులు. డెబ్బై వేలు చూసి ఐదు నెలలు పోలీసు స్టేషన్ గడప తొక్కకపోవడం, స్కిడ్ అని రాస్తుంటే చూస్తూ ఊరుకోవడం మీరు చేసిన తప్పే.

అయినా కేసు చేజారలేదు. ఎఫ్ఐఆర్ ఆలస్యమైనంత మాత్రాన క్లెయిము కొట్టేయకూడదని సుప్రీంకోర్టు 2011లో రవి కేసులో చెప్పింది. పైగా మీ సాక్ష్యం ఆ కారు ఓనరే ఇచ్చి పోయాడు. సంబంధం లేనివాడు డెబ్బై వేలు ఎందుకు పంపుతాడు? ఆ ఫోన్‌పే ఎంట్రీ కనిపించే బ్యాంకు స్టేట్‌మెంట్ తీసుకోండి. ఆసుపత్రి రిజిస్టరులో ‘తీసుకొచ్చినవారు’ అన్నచోట ఎవరి పేరుందో చూడండి. అతని వాట్సాప్ మెసేజ్‌లు డిలీట్ చేయకుండా ఆ ఫోన్‌ను అలాగే ఉంచండి. బైకు ఇంకా రిపేరు చేయించకపోతే, దేవుడు మీ పక్షాన ఉన్నాడు, దాన్ని ముట్టుకోకండి. ఆసుపత్రి రికార్డు దిద్దించే ప్రయత్నం మాత్రం చేయొద్దు. అలా ఎందుకు రాశారో మీ ఆయన సాక్ష్యంలో చెప్పుకోవచ్చు.

రేపే స్టేషన్‌కు వెళ్లి ఆలస్యానికి కారణంతో సహా ఫిర్యాదు ఇవ్వండి. తీసుకోకపోతే అదే ఫిర్యాదు ఎస్పీకి రిజిస్టర్డ్ పోస్టులో పంపి రసీదు దాచండి, అప్పటికీ కదలకపోతే మేజిస్ట్రేటు కోర్టుకు వెళ్లొచ్చు. ఎఫ్ఐఆర్ కోసం పిటిషన్ ఆపొద్దు. మీరు ఉండే జిల్లాలోని క్లెయిముల ట్రిబ్యునల్‌లోనే వేయవచ్చు.

ఇన్సూరెన్స్ లేదని చెప్పిందెవరు, ఆ ఆటో ఆయనేనా? కారు నంబరు కొట్టి, బండి వివరాలు చూపే ప్రభుత్వ యాప్ ఎంపరివాహన్‌లో మీరే చూడండి. ప్రమాదం రోజున పాలసీ ఉందా అన్నదే లెక్క. నిజంగా లేకపోతే ఓనరే కట్టాలి. కట్టకపోతే ట్రిబ్యునల్ ఇచ్చే సర్టిఫికెట్ మీద కలెక్టరు భూమిశిస్తు బకాయిలా వసూలు చేస్తారు. ఆలస్యం కావచ్చు, అతని పేరున ఆస్తి ఉందో లేదో ఇప్పుడే కనుక్కోండి.

ఎంత రావచ్చో అడగలేదు కానీ చెబుతాను. నెలకు 15 వేల సంపాదన, గొంతుక్కూర్చుని టైల్స్ వేయలేనందువల్ల పావు వంతు సంపాదన శక్తి పోయిందని రుజువైతే, భవిష్యత్ ఆదాయం కింద 40 శాతం కలిపి, ఆ వయసుకు 16 గుణకంతో (ఏడాది నష్టాన్ని హెచ్చవేసే అంకె) 10,08,000 రూపాయలు. వైద్యం ఖర్చులు వేరే. కాకపోతే వైకల్యం సర్టిఫికెట్ దాఖలు చేస్తే సరిపోదు, ఇచ్చిన డాక్టరు కోర్టుకొచ్చి చెప్పాలి. ఆపరేషన్ చేసే డాక్టరుతో ఈ మాట ఇప్పుడే మాట్లాడుకోండి. మీ ఆయనతో పని చేయించుకున్న కాంట్రాక్టరు ఒకరు కూలి ఎంత ఇచ్చేవారో సాక్ష్యం చెప్పడానికి ఒప్పుకుంటారేమో అడగండి.