ఇసుక కేసులో సీజైన ట్రాక్టర్ ఎలా విడిపించుకోవాలి? మా ఇంట్లో జరిగింది చెబుతాను

"నాన్న పేరు మీదున్న ట్రాక్టర్ వాగులోంచి ఇసుకతో వస్తుంటే పట్టుకున్నారు, పన్నెండు రోజులుగా స్టేషన్ ముందే ఉంది, ఒకతను నలభై వేలిస్తే విడిపిస్తానంటున్నాడు, ఇవ్వాలా" అని అడిగారు. ఇవ్వకండి. ముందు ఆ ఒక్కమాట. మాది మానేరు ఒడ్డున ఊరు. 2024 చివర్లో మాకూ ఇదే జరిగింది. మేమూ అలాంటివాడికే పదిహేను వేలు ఇచ్చాం, తర్వాత ఫోన్ ఎత్తడం మానేశాడు. బండి కోర్టు ఉత్తర్వుతోనే బయటికొచ్చింది.

మొదట తెలుసుకోవాల్సింది బండి ఎవరి చేతిలో ఉందనేది. రెవెన్యూ వాళ్లో మైనింగ్ వాళ్లో పట్టుకుని జరిమానా రాస్తే అదొక దారి. పోలీసులు ఎఫ్‌ఐఆర్ కడితే వేరే దారి. మాది రెండోది. భారతీయ న్యాయ సంహిత 303(2) కింద దొంగతనం, గనుల చట్టం సెక్షన్ 21, వాటితో పాటు వాల్టా చట్టం (నీరు, భూమి, చెట్ల రక్షణ చట్టం) కూడా పెట్టారు. కేసయ్యాక బండి వదలాలంటే కోర్టే చెప్పాలి. అది తెలియక మా నాన్న, బాపు, తొమ్మిది రోజులు స్టేషన్ చుట్టూ తిరిగాడు. మీరు ఎఫ్‌ఐఆర్ కాపీ, సీజ్ పంచనామా (బండి పట్టుకున్నప్పుడు సాక్షుల ముందు రాసిన కాగితం) కాపీ తీసుకుని నేరుగా వకీలు దగ్గరికి వెళ్లండి.

పాత సీఆర్‌పీసీలో, అంటే క్రిమినల్ కేసులు నడిపే పద్ధతి చెప్పే చట్టంలో, 451, 457 సెక్షన్లు ఉండేవి. 2024 జులై 1 నుంచి అవి దాని స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 497, 503 అయ్యాయి. వాటి కింద మధ్యంతర కస్టడీ పిటిషన్, అంటే కేసు తేలేదాకా బండిని మన దగ్గర ఉంచుకోనివ్వమని అడిగే పిటిషన్ వేస్తారు. బండ్లను ఏళ్ల తరబడి స్టేషన్ల ముందు తుప్పు పట్టనివ్వొద్దు, ఫొటోలు, పంచనామా తీసి, పూచీకత్తు మీద త్వరగా ఇవ్వాలి అని సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో 2002లోనే సుప్రీంకోర్టు చెప్పింది. మా వకీలు దానినే చూపించారు. "మళ్లీ అదే పనికి వాడతారు" అని సర్కారు తరఫున అభ్యంతరం వచ్చింది. బండి వ్యవసాయానికేనని చూపడానికి బాపు పట్టాదారు పాసుపుస్తకం పెట్టాం, మాకు ఇదే మొదటి కేసు. పిటిషన్‌లో కట్టుకథలు రాయించకండి. బండి ఎవరిది, ఎందుకు కావాలి, అంతవరకే చాలు.

మేం బాగా ఇరుక్కున్నది ట్రాలీ దగ్గర. ఇంజనుకు ఆర్సీ ఉంది. ట్రాలీని ఊళ్లోనే వెల్డింగ్ షాపులో చేయించాం, దానికి నంబరే లేదు. పంచనామాలో మాత్రం "ట్రాక్టర్, ట్రాలీ" అని రెండూ రాశారు. ట్రాలీ మీదేనని రుజువేంటని కోర్టు అడిగింది. షాపువాడి దగ్గర పాత బిల్లు దొరికేదాకా వాయిదా పడింది. మీ ట్రాలీకి నంబరుందో లేదో ఇవాళే చూసుకోండి. ఇన్సూరెన్స్ అయిపోయి ఉంటే కట్టేయండి, మాది స్టేషన్‌లో ఉండగానే రెన్యువల్ చేయించాం. ఫైనాన్స్ ఉంటే ఆ సంగతి వకీలుకు ముందే చెప్పండి. ఆర్సీ మీ నాన్న పేరునే ఉంది కాబట్టి పిటిషన్ ఆయన పేరుతోనే పడాలి, మీ పేరుతో కుదరదు.

మాకు సొంత పూచీకత్తు, ఇద్దరు జామీనుదారులు అడిగారు. అమ్మకూడదు, రూపం మార్చకూడదు, అడిగినప్పుడు తెచ్చి చూపించాలి, మళ్లీ ఇలాంటి పనికి వాడకూడదు అని షరతులు పెట్టారు. వీటిని తేలిగ్గా తీసుకోకండి. బండి ఇంటికొచ్చినంత మాత్రాన కేసు పోయినట్టు కాదు. గనుల చట్టం 21(4ఏ) ప్రకారం బండిని జప్తు చేసే అధికారం కోర్టుకుంది. 23ఏ కింద జరిమానా కట్టి రాజీ చేసుకుంటే అంతా అయిపోతుందని కొందరంటారు. అది గనుల చట్టం వరకే. దొంగతనం సెక్షన్ కేసు దానితో పోదని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది.

ఆ రాత్రి మా బండిలో లోడుకు వేబిల్లు (ఇసుక తీసుకెళ్లడానికి ఇచ్చే అనుమతి కాగితం) లేదు, కిరాయికి ఒప్పుకున్నాం, అది మా తప్పే. వాగులో ఇసుక తోడిన చోటల్లా పక్క బావుల్లో నీళ్లు దిగిపోవడం మేమే చూశాం, మా బావి కూడా అక్కడే ఉంది. ఆ తర్వాత బాపు వాగులోకి బండి పంపలేదు. ఇంటికి ఇసుక కావాలంటే ఆన్‌లైన్‌లో బుక్ చేసి, వేబిల్లుతోనే తెప్పించుకున్నాం.

బండి తెచ్చుకునే రోజు మాత్రం తొందరపడకండి. మేం వెళ్లేసరికి అది వేపచెట్టు కింద ఉంది. ఇసుకను అప్పటికే దింపించేశారు, ట్రాలీ మూలల్లో మిగిలిన కాస్త ఇసుకలో గరిక మొలిచింది. బ్యాటరీ లేదు, ఒక టైరు గాలి దిగింది. తీసుకున్నట్టు రాసే కాగితం మీద సంతకం పెట్టేముందు పంచనామాలో రాసినవన్నీ ఉన్నాయో లేదో ఒక్కొక్కటీ చూసుకోండి, లేనివాటిని ఆ కాగితంలోనే రాయించండి. చుట్టూ తిరిగి ఫొటోలు తీయండి. వెళ్లేటప్పుడు ఒక బ్యాటరీ, మెకానిక్‌ను వెంట తీసుకెళ్లండి.