గాలికి కరెంటు తీగలు ఎందుకు ఝుమ్మంటాయి?

ఉరవకొండ వైపు ఆషాఢం గాలికి టవర్ లైన్లు ఝుమ్మనేది కరెంటు వల్ల కాదు, గాలి వల్లే. తీగను దాటిన గాలి దాని వెనకాల ఓసారి పైనుంచి, ఓసారి కిందినుంచి సుడి తిరుగుతూ తీగను పైకీ కిందకీ లాగుతుంది. సెకనుకు ఎన్నిసార్లంటే, గాలి వేగాన్ని తీగ మందంతో భాగించి 0.2తో హెచ్చించాలి. 2 సెంటీమీటర్ల (0.02 మీటర్ల) మందం తీగకు సెకనుకు 4 మీటర్ల గాలి తగిలితే దాదాపు 40 సార్లు. ఇది తీగ సహజ కంపనంతో (తీగ తనంతట తాను సెకనుకు ఊగే లెక్కతో) కలిసిందా, అదే అనునాదం: ఊపు పెరిగి తీగను పట్టి ఉంచే క్లాంపు దగ్గర దాని పోగులు ఒక్కొక్కటే తెగుతాయి. టవర్ పక్కన తీగకు వేలాడే డంబెల్ లాంటి బరువులు ఆ ఊపును మింగడానికే. పెనుగాలిదే తప్పనుకుంటారు గానీ, ఈ కంపనం తెచ్చేది నిలకడగా వీచే మెల్లని గాలి. కరెంటు లేని కంచె తీగ కూడా ఇలాగే మోగుతుంది. వాన తడికి వినిపించే చిటపట మాత్రం కరెంటుదే.