నలభై నాలుగేళ్ల వయసులో రంగం మారితే ఆలస్యమా?

నలభై నాలుగేళ్లు వచ్చాయి, ఇన్నాళ్లూ ఒకే పని చేశాను, ఇప్పుడు కొత్త రంగంలోకి దిగితే నవ్వులపాలవుతానా అని అడిగారు. కారు. ఇందులో నాకు అనుమానమే లేదు.

2006లో విజయవాడలో ఒక చిన్న ఇంటర్నెట్ సంస్థ తరఫున డిష్షులు బిగించేవాణ్ణి. మేడ మీద ఇనుప గొట్టం నాటి, దూరపు టవరు వైపు డిష్షు తిప్పి, కింద లాప్‌టాప్ ముందున్న కుర్రాడు "చాలు, చాలు" అని అరిచేదాకా అంగుళం అటూ ఇటూ జరపడం. టవరు కంటికి కనబడాలన్నదే మాకు వేదం. గవర్నర్‌పేటలో ఒకరోజు పక్కింటి మేడ మీదికి నల్ల నీళ్ల ట్యాంకు ఎక్కింది, మా సిగ్నల్ పడిపోయింది. కాస్త జరిపించండి అని బతిమాలితే ఆ ఇంటి మామ్మగారు, "మీ గాలి కోసం మా నీళ్లు మానుకోమంటావా బాబూ?" అన్నారు. ఇంకో నాలుగడుగుల గొట్టం అతికించి బయటపడ్డాను.

పదేళ్ల తర్వాత అదే సందులో, టవరు జాడే లేని గదిలో, ఫోనులో వీడియో ఆగకుండా ఆడింది. ఎలాగా అని తవ్వుకుంటూ పోతే ఆరోగ్యస్వామి పాల్‌రాజ్ అనే ఇంజనీరు దగ్గర తేలాను. 1944లో తమిళనాడులోని పొల్లాచ్చిలో పుట్టారు. పదిహేనేళ్లకే రక్షణ అకాడమీ, తర్వాత నౌకాదళం. ఢిల్లీ ఐఐటీలో పీహెచ్‌డీ. 1971 యుద్ధంలో మన ఖుక్రీ నౌకను జలాంతర్గామి ముంచేశాక ఆయన సోనార్ మీద పడ్డారు. సముద్రంలో వినిపించే నానా రొదలోంచి శత్రువు చప్పుడును ఏరుకునే పని అది.

1991లో, నలభై ఏడో ఏట, నౌకాదళం వదిలి అమెరికాలోని స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయానికి వెళ్లారు. గోడలకు తగిలి చెదిరే తరంగాన్ని మేము పీడ అనుకునేవాళ్లం. ఆయనకు అందులో ఒక్కో చెదురూ ఒక్కో దారిగా కనిపించింది. ఒకే పౌనఃపున్యంలో కొన్ని ఆంటెన్నాలు వేర్వేరు సమాచారం పంపితే, దారులు వేరు కాబట్టి అందుకునే ఆంటెన్నాలు వాటిని విడదీయగలవు. అదే మైమో. ఆ గదిలో నా ఫోనులో వీడియో ఆగకుండా ఆడటం వెనకున్నదీ అదే. 1992లో అక్కడి ఆచార్యుడు థామస్ కైలాత్‌తో కలిసి పేటెంటుకు దరఖాస్తు చేశారు, 1994లో వచ్చింది. యాభై నాలుగేళ్లకు అయోస్పాన్ అనే కంపెనీ పెట్టారు, దాని సాంకేతికతను ఇంటెల్ కొన్నది. తర్వాతి కంపెనీ బీసీమ్‌ను 2010లో చిప్పుల కంపెనీ బ్రాడ్‌కామ్ కొన్నది. 2014లో సమాచార సాంకేతిక రంగంలో పెద్ద గౌరవమైన మార్కోనీ బహుమతి. మన పత్రికలు మాత్రం అమెరికా కంపెనీల్లో పెద్ద కుర్చీ ఎక్కినవారి మేనమామల ఊళ్లు కూడా వెతికి రాస్తాయి, ఈయన గురించి అంతగా రాయవు. సోనార్‌లో గడిపిన ఏళ్లే మైమోకు పెట్టుబడి అయ్యాయని నా గట్టి నమ్మకం. కాబట్టి మీ పాత పనిని పారేయకండి.

నా సంగతా? నలభై ఆరో ఏట డిష్షులు మానేసి, ట్యాంకులో నీటి మట్టం ఫోనులో చూపించే పరికరాలు బిగిస్తున్నాను. మొదటిది ఆ నల్ల ట్యాంకుకే. నేను నాటిన గొట్టానికి పక్కవాళ్లు తాడు కట్టి బట్టలు ఆరేసుకుంటున్నారు. మామ్మగారు నన్ను గుర్తుపట్టి, "ఇప్పుడు అడ్డం లేదా?" అన్నారు.