మలుపులో టకటక: ఔటర్ సీవీ జాయింటు మీద పెదనాన్న ఉత్తరం

చిరంజీవికి పెదనాన్న ఆశీస్సులు.

షెడ్డుకొచ్చే ఆల్టోలు, స్విఫ్టులు, ఐ10లు మలుపులో టకటకమంటున్నాయనీ, ముందు చక్రాన్ని తిప్పే షాఫ్టుకు చక్రం వైపు కొసన ఉండే కీలు, అదే ఔటర్ సీవీ జాయింటు, మార్చి పంపినా కొన్ని రెండు మూడు నెలలకే తిరిగొస్తున్నాయనీ రాశావు. ఆ రెండో మాటే నన్ను ఆలోచనలో పడేసింది. కొత్త జాయింటు అంత తొందరగా పోయిందంటే జాయింటును మూసే రబ్బరు తొడుగైన బూటు దగ్గరో, ఆ బూటును బిగించే క్లిప్పు దగ్గరో, గ్రీజు దగ్గరో, షాఫ్టు కొసను చక్రం హబ్‌కు బిగించే హబ్ నట్టు దగ్గరో ఏదో తేడా జరిగి ఉండాలి. చవక సామానని ఎవరూ పట్టించుకోని ఈ నాలుగే ఆ పనిని నిలబెడతాయి. అందుకే వాటి గురించి కాస్త ఎక్కువ రాస్తున్నాను, ఓపిగ్గా చదువు.

జాయింటు లోపల ఏముందో నీకు తెలుసు. గిన్నెలాంటి కప్పు, మధ్యలో నక్షత్రంలాంటి ఇన్నర్ రేసు, రెంటి గాడుల నడుమ ఆరు ఉక్కు గోళీలు, వాటిని పట్టి ఉంచే కేజు. స్టీరింగు ఎంత తిప్పినా గోళీలన్నీ ఆ కోణానికి సరిగ్గా సగంలో నిలబడతాయి. అందుకే చక్రం తడబడకుండా ఒకే వేగంతో తిరుగుతుంది, సీవీ (కాన్‌స్టంట్ వెలాసిటీ) అన్న పేరు దానివల్లే. లారీ ప్రొపెల్లర్ షాఫ్టు క్రాసు జాయింటు వంగితే ప్రతి చుట్టులో రెండుసార్లు వేగం హెచ్చి తగ్గుతుంది. ముందు చక్రానికి అది పనికిరాదు. సీవీ జాయింటులో గోళీకీ గాడికీ మధ్య ఉండేది పల్చటి గ్రీజు పొర మాత్రమే. బూటు చిరిగితే షాఫ్టు తిరిగే వడికి ఆ గ్రీజు బయటికి చిమ్ముతుంది, దాని చోట్లోకి దుమ్మూ నీళ్లూ వెళతాయి. క్వారీ రోడ్ల రాతిపొడి గానీ, వానాకాలంలో నల్లరేగడి బురద గానీ చేరిందంటే లోపల గరుకు కాగితం పెట్టి రుద్దినట్టే. జాయింటు దానంతటది అరిగిపోవడం తక్కువ. ఎక్కువసార్లు చిరిగిన బూటే దాన్ని చంపుతుంది.

కాబట్టి శబ్దం వినేముందే కళ్లతో చూడు. స్టీరింగు చివరిదాకా తిప్పితే బూటు మడతలు ఒకవైపు విచ్చుకుంటాయి. టార్చి వేసి మడతల అడుగున చూడు, పగుళ్లు మొదలయ్యేది అక్కడే. తర్వాత ఇటు తిప్పి రెండో వైపు చూడు. రిమ్ము లోపలి వైపు, సస్పెన్షన్ స్ట్రట్టు మీద, బ్రేక్ క్యాలిపర్ మీద నల్లటి గ్రీజు చుక్కలు వరసగా చిమ్మి ఉంటే బూటు చిరిగిందని వెతక్కుండానే తెలుస్తుంది. ఇంటిముందు రోజుల తరబడి కదలకుండా ఆగిన కార్లలో ఎలుకలు కొరికిన బూట్లు కూడా కనిపిస్తాయి.

శబ్దం పట్టాలంటే ఖాళీ స్థలం కావాలి. స్టీరింగు పూర్తిగా ఎడమకు తిప్పి, మొదటి గేరులో యాక్సిలరేటర్ కాస్త నొక్కుతూ నెమ్మదిగా గుండ్రంగా తిప్పు. తర్వాత కుడికి. ఆపైన అదే పని రివర్సులో. ముందుకు వెళ్లేటప్పుడు నోరెత్తని జాయింటు రివర్సులో బయటపడొచ్చు, ఎందుకంటే గోళీలు గాడి రెండో అంచు మీద బరువు మోపుతాయి. టకటకలు చక్రం వేగంతో పాటు పెరిగి, యాక్సిలరేటర్ వదిలేస్తే తగ్గాయంటే అది ఔటరే. ఎడమకు తిప్పినప్పుడు మోగితే ముందు కుడి జాయింటును, కుడికి తిప్పినప్పుడు మోగితే ఎడమదాన్ని అనుమానించు. ఇది ఎక్కువసార్లు నిజమే గానీ గట్టి నియమం కాదు. జాకీ ఎత్తి రెండు వైపులా చూడకుండా సామాను తెప్పించకు.

దీన్ని పోలిన శబ్దాలు చాలా ఉన్నాయి, ఇక్కడే కుర్రాళ్లు మోసపోతారు. తిన్నగా పోతున్నప్పుడు యాక్సిలరేటర్ తొక్కితే ముందు భాగం వణికితే షాఫ్టుకు గేర్ బాక్సు వైపు ఉండే ఇన్నర్ జాయింటును చూడు. వేగంతో పాటు పెరుగుతూ, బండిని అటూ ఇటూ ఊపితే మారే హూంకారం వీల్ బేరింగుది. స్టీరింగు తిప్పకపోయినా గుంతల్లో టక్కుమంటే సస్పెన్షన్‌లోని బాల్ జాయింటో, స్టెబిలైజర్ లింకో. ముందుకు, రివర్సుకు మార్చిన ప్రతిసారీ ఒక్కసారే టక్కుమని ఆగిపోతే హబ్ నట్టు వదులైందేమో చూడు. జాయింటు మంచిదే అయ్యుండొచ్చు.

చిరిగిన బూటుతో బండి వచ్చి, శబ్దం ఇంకా లేకపోతే, ఆ గ్రీజు కాస్త బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య పెట్టి రుద్ది చూడు. మెత్తగా వెన్నలా జారితే ఇంకా సమయం ఉంది: జాయింటు విప్పి, కడిగి, కొత్త గ్రీజు, కొత్త బూటు వేస్తే సరిపోతుంది. ఇసుక తగిలినట్టు కిరకిరమన్నా, తుప్పురంగుకు తిరిగినా బూటు ఒక్కటే వేసి పంపకు. కడిగాక గోళీల బాటను గోటితో గీసి చూడు. గాడిలో అద్దంలా మెరిసే గీత ఉన్నా, గోరు ఆగకపోతే అది మామూలు వాడకమే. గోరు అంచు ఎక్కడైనా టక్కున ఆగిందంటే అక్కడ గుంటపడింది. కేజు కిటికీల్లో గోళీ అటూ ఇటూ కదిలినా అంతే. అలాంటి జాయింటుకు ఎంత గ్రీజు పెట్టినా మాట వినదు. గోళీలు తీసే ముందు కప్పు, కేజు, రేసు మూడింటి మీదా పెయింటు గుర్తు పెట్టుకో. కేజు తిరగేసి పడితే జాయింటు పట్టేస్తుంది.

సామాను కొనేటప్పుడు పాతది చేతిలో పట్టుకుని వెళ్లు. విజయవాడ ఆటోనగర్ లాంటి చోట ఒకే కారు పేరు మీద నాలుగు రకాల కిట్లు దొరుకుతాయి. చక్రం వైపు పళ్లెన్ని, షాఫ్టు వైపు పళ్లెన్ని, హబ్ సీలు ఆనే చోట వ్యాసమెంత, ఏబీఎస్ (బ్రేకు వేస్తే చక్రం బిగుసుకోకుండా చూసే ఏర్పాటు) పళ్ల రింగు ఉందా లేదా, ఉంటే పళ్లెన్ని, ఇవన్నీ లెక్కపెట్టి పోల్చు. ఒక్క పన్ను తేడా ఉన్నా ఎక్కదు. ఏబీఎస్ రింగు లేని జాయింటు వేస్తే బండి నడుస్తుంది గానీ డాష్‌బోర్డులో లైటు వెలిగి ఏబీఎస్ ఆగిపోతుంది. కిట్‌లో జాయింటు, బూటు, రెండు క్లిప్పులు, జాయింటును షాఫ్టు మీద పట్టి ఉంచే సర్‌క్లిప్పు, హబ్ నట్టు, గ్రీజు పొట్లం ఉండాలి. వీటిలో ఏది లేకపోయినా విడిగా కొను. పాత సర్‌క్లిప్పు, పాత నట్టు మళ్లీ వాడకు. కొన్ని మోడళ్లకు కంపెనీ మాన్యువల్లో ఔటర్ విడిగా విప్పొద్దనీ, షాఫ్టుతో కలిపి మార్చమనీ ఉంటుంది. వాటిలో ఔటర్ బూటు కావాలంటే ఇన్నర్ వైపు నుంచి ఎక్కించాలి.

ఇక విప్పే పని. బండి నేల మీద ఉండగానే వెనక చక్రాలకు అడ్డురాళ్లు పెట్టి, హ్యాండ్ బ్రేకు లాగి, ఒకరిని బ్రేకు తొక్కి పట్టుకోమను. నట్టు అంచును షాఫ్టు గాడిలోకి నొక్కి ఉంటే సన్న ఉలితో ముందు దాన్ని పైకి లేపు. లేపకుండా తిప్పితే షాఫ్టు మరలు పోతాయి, జాయింటు బాగున్నా పనికిరాదు. స్ప్లిట్ పిన్ను ఉంటే పిన్ను తీసెయ్. చాలా చిన్న కార్లకు 30 లేదా 32 సాకెట్టు పడుతుంది. నట్టు పట్టు వదిలేదాకా తిప్పి ఆపు. వదులు నట్టుతో బండిని అంగుళం కూడా దొర్లించకు, బేరింగు దెబ్బతింటుంది.

జాకీ ఎత్తాక స్టాండు పెట్టనిదే కిందికి చెయ్యి పెట్టకు, ఒక్క నిమిషం పనైనా సరే. చక్రం తీసి, ఏబీఎస్ వైరు, బ్రేకు హోసు క్లిప్పులు విప్పు. లోయర్ ఆర్మ్ బాల్ జాయింటు విడదియ్యి. మారుతీ చిన్న కార్లలో దాని కాడ నకిల్లోకి (హబ్‌ను పట్టి ఉంచే ఇనప దిమ్మలోకి) దూరి, అడ్డబోల్టుతో బిగి ఉంటుంది. ఆ బోల్టు కాడ మీది గాడిలోంచి పోతుంది కాబట్టి పూర్తిగా బయటికి లాగితే తప్ప కాడ దిగదు, వదులు చేసి ఆర్మును బలంగా లాగడం దండగ. స్ట్రట్టు బోల్టుల జోలికి పోకుంటే క్యాంబర్ (చక్రం నిలువు వంపు) కదలదు, పోతే అలైన్‌మెంటు చేయించాలి. ఇప్పుడు నకిల్‌ను బయటికి లాగుతూ షాఫ్టును హబ్‌లోంచి లోపలికి తొయ్యి. తుప్పు పట్టి రాకపోతే తుప్పు వదిలించే నూనె కొట్టి కాసేపు ఆగు, తర్వాత పుల్లర్ వాడు. ఆ షాఫ్టే మళ్లీ వేసేదైతే కొసను ఉత్త సుత్తితో కొట్టకు. హోసు మీద బరువు పడకుండా నకిల్‌ను తీగతో కట్టు, షాఫ్టును వేలాడనివ్వకు. షాఫ్టును బలంగా బయటికి లాగితే గేర్ బాక్సు వైపు ఇన్నర్ జాయింటు లోపల ఊడి మరో పని మీద పడుతుంది. ఔటర్ ఒక్కటే మార్చాలంటే షాఫ్టును గేర్ బాక్సులోంచి తీయక్కర్లేదు. తీయాల్సి వస్తే మాత్రం ఆయిల్ సీలు కొత్తది వేసి, కారిన గేర్ ఆయిలు మళ్లీ నింపు.

పాత బూటు కోసి గ్రీజు తుడిచాక ఇన్నర్ రేసు కనిపిస్తుంది. ఇత్తడి కడ్డీ రేసు మీద ఆనించి సుత్తితో ఒక్క గట్టి దెబ్బ కొట్టు. చిన్న దెబ్బలు పది కొట్టేకంటే ఒక్క గట్టి దెబ్బకే సర్‌క్లిప్పు ముడుచుకుని జాయింటు జారుతుంది. దెబ్బ కప్పు మీద కాదు, రేసు మీదే పడాలి. కొన్ని మోడళ్లలో సర్‌క్లిప్పు చెవులు బయటికే ఉంటాయి. వాటిని ముందు ప్లయర్‌తో విడదీయాలి, కొడితే విరుగుతాయి. అందుకే కొట్టే ముందు లైటు వేసి చూడు.

షాఫ్టు పళ్లు, గాడి పూర్తిగా కడిగి ఆరబెట్టు. ఇప్పుడు ఎక్కించే వరస: చిన్న క్లిప్పు, బూటు, పెద్ద క్లిప్పు, ఆ తర్వాతే జాయింటు. తొందరలో బూటు మరిచిపోయి జాయింటు కొట్టేస్తే మళ్లీ మొదటికి రావాలి. కొత్త సర్‌క్లిప్పును గాడిలో పెట్టి, కాస్త గ్రీజు రాసి మధ్యకు సర్దు. జాయింటును తిన్నగా పట్టి, కొస మరల మీద పాత నట్టు ఎక్కించి, చెక్క సుత్తితో కొట్టు. సర్‌క్లిప్పు పడినప్పుడు శబ్దం మారుతుంది. నమ్మకం కోసం చేత్తో గట్టిగా లాగు, అర మిల్లీమీటరు కూడా వెనక్కి రాకూడదు.

గ్రీజు విషయంలో ఏదో ఒకటిలే అనుకోకు. ఔటర్‌కు మాలిబ్డినం డైసల్ఫైడ్ కలిపిన సీవీ గ్రీజే కావాలి. లోహం మీద లోహం గట్టిగా ఒత్తుకునే చోట అది పొరలా పట్టి ఉంటుంది. చాసిస్ గ్రీజు, బేరింగు గ్రీజు అక్కడ నిలవవు. చిన్న కార్లకు సుమారు 60 నుంచి 100 గ్రాములు పడుతుంది. కిట్ పొట్లం మొత్తం వాడు. జాయింటును షాఫ్టు మీద ఎక్కించే ముందే సగానికి పైగా రేసు మధ్య రంధ్రంలోంచి గోళీల మధ్యకు దిగేలా నొక్కు, గోళీల పక్క నుంచి ఉబికి వచ్చేదాకా. మిగిలింది బూటులో వెయ్యి. ఎక్కువ వేస్తే మంచిదే కదా అనుకుంటారు, వేడెక్కినప్పుడు బూటు ఉబ్బి క్లిప్పు దగ్గర కారుతుంది.

బూటు అంచులు వాటి గాడుల్లో పడ్డాయో లేదో వేలితో చుట్టూ తడిమి చూడు. పెద్ద క్లిప్పు బిగించాక చిన్న అంచు కిందికి మొండి స్క్రూడ్రైవర్ దూర్చి ఒక్కసారి గాలి వదులు, తర్వాత చిన్న క్లిప్పు బిగించు. గాలి చిక్కితే ఉబ్బుతుంది, పీల్చుకుపోతే మడతలు ఒకదాన్నొకటి రాసుకుని నెలల్లో కోసుకుంటాయి. తిరిగొచ్చే బండ్లలో ఇదో పెద్ద కారణం. క్లిప్పు చెవిని దానికోసం చేసిన ప్లయర్‌తోనే నొక్కు. ఇనప తీగ, ప్లాస్టిక్ ట్యాగు పనికిరావు. గమ్ము పెట్టి అతికించే చీలిక బూటు దారిలో చిక్కుకున్న బండిని ఇల్లు చేర్చడానికే గానీ పనిగా లెక్కపెట్టకు.

హబ్‌లోకి షాఫ్టు ఎక్కించి, బాల్ జాయింటు బిగించి, కొత్త నట్టు పెట్టు. బరువు చక్రం మీద పడకముందే, ఒకరు బ్రేకు తొక్కి పట్టుకోగా, టార్క్ రెంచితో మాన్యువల్లో ఉన్న అంకెకు బిగించు. కార్లను బట్టి 150 నుంచి 300 న్యూటన్ మీటర్ల దాకా తేడా ఉంటుంది కాబట్టి ఊహించొద్దు. ఇంపాక్ట్ గన్నుతో ఆఖరి బిగింపు చేస్తే ఎక్కువ బిగిసి బేరింగు పోవచ్చు, తక్కువైతే పళ్లు ఆడి టక్కుమంటుంది, కొత్త జాయింటే చెడిందని నువ్వు అనుకుంటావు. నట్టు అంచును గాడిలోకి నొక్కి లాక్ చెయ్యి. పిన్ను రకమైతే రంధ్రం కలిసేదాకా ఇంకాస్త బిగించు, వెనక్కి మాత్రం తిప్పకు.

తర్వాత పది పదిహేను కిలోమీటర్లు నడుపు. రెండు వైపులా పూర్తిగా తిప్పి ముందుకు, రివర్సుకు విను. తిరిగొచ్చాక చక్రం నట్లు, బూటు క్లిప్పులు మళ్లీ చూడు. రిమ్ము లోపల తడి లేకపోతే బండి ఇచ్చెయ్యి. 1000 కిలోమీటర్ల తర్వాత ఒక్క నిమిషం చూపించమని కస్టమర్‌కు చెప్పు, దానికి డబ్బు తీసుకోకు. పాత జాయింటును కడిగి గోళీల బాటలో పడిన గుంట ఆయనకు వేలితో తాకించి చూపించు. మార్చకుండా ఉన్న అవతలి బూటులో పగులు కనిపిస్తే అదీ అప్పుడే చూపించు. బూటు ఒక్కటే మార్చే అవకాశం ఇప్పుడే ఉంది, టకటక మొదలయ్యాక ఉండదు.

ఇంతే సంగతులు.
మీ పెదనాన్న